ఓడను మించిన కాసులమ్మ

అనగనగా సముద్రం అంచున, ఇసకలో, ఒక ఊరమ్మా. ఎప్పుడో తుఫానులో ఆ ఊరి ముందు పెద్ద ఓడ మునిగిపోయింది. ఓడ అడుక్కి పోయింది గానీ దాని మాట ఒడ్డునే ఉండిపోయింది. జాతరలో ఓడ నాటకం ఆడేవాళ్ళు. పెళ్ళి వాకిట్లో ఓడ ముగ్గు వేసేవాళ్ళు. వల లాగేటప్పుడు ఓడ పాట పాడేవాళ్ళు.

"ఓడను ముంచిన కాసులమ్మా, హైలెస్సా" అని ఆ పాట. ఆడది ఎక్కబట్టే ఓడ మునిగిందట. పాపం, తుఫానుకి ఏమీ తెలియదు.

ఆ కాసులమ్మ మునిమనవరాలికీ అదే పేరు పెట్టారు. ఆ పిల్లకి పడవెక్కాలని ఒకటే ఆశ. నాన్న ఎర్రయ్యని అడిగింది. పెదనాన్నని అడిగింది. మేనమామని అడిగింది. ముగ్గురూ ఆ పాటే పాడి నవ్వారు.

అప్పుడు పిల్ల ఏడుస్తూ, ఊళ్ళో అందరికంటే పెద్దదైన దానమ్మ అవ్వ దగ్గరికి పోయింది. అవ్వ చిన్నప్పుడు ఆ ఓడలోనే ఉందట.

"ముంచిన కాదే గుంటా, మించిన. ఓడ వదిలేసిన నన్నూ, మా చెల్లినీ వీపునేసుకుని ఈదుకొచ్చింది మీ ముత్తవ్వ. అందుకే ఓడను మించిందని పాట కట్టారు."

"మరి నువ్వు చెప్పనేదేటి, అవ్వా?"

"గొంతు పోయేదాకా చెప్పాను. మనం చెప్తే చాదస్తం, మగోళ్ళు పాడితే పాట."

మర్నాడు పొద్దున్నే పెద్ద వల వేశారు. మగవాళ్ళు తాడు లాగుతూ పాట ఎత్తుకున్నారు. పిల్ల తాడు కొస పట్టుకుని "ఓడను మించిన" అంది. గంపతో వచ్చిన వాళ్ళమ్మ గంప దించి "మించిన" అంది. వెనకే ఆడవాళ్ళందరూ అందుకున్నారు.

మగవాళ్ళు పాట ఆపేసి నోళ్ళు తెరుచుకుని చూశారు. పాట ఆగితే లాగుడు ఆగుతుంది కదా, తాడు వెనక్కి జారింది. వల నిండా చేపలు.

"ఏటి మావా, చూస్తన్నావు? చేపలు పోతన్నాయి, పాడు" అంది ఎర్రయ్య పెళ్ళాం.

పాట మొదలెట్టాల్సింది ఎర్రయ్యే. పెళ్ళాన్ని చూశాడు, పిల్లని చూశాడు, జారే తాడుని చూశాడు. "ఓడను మించిన కాసులమ్మా" అని ఎత్తుకున్నాడు. ఆడా మగా ఒక్క గొంతై లాగితే వల ఒడ్డుకొచ్చింది.

అప్పుడు ఎర్రయ్య కూతుర్ని ఎత్తి పడవలో కూర్చోబెట్టాడు. అల వచ్చి పడవని పైకి లేపింది. ఏమీ మునగలేదమ్మా.

కథేమో కంచికి,
పడవేమో నీటికి,
మనమేమో ఇంటికి,
నిద్దరేమో నీ కంటికి.