సింగారమ్మ దింపని తట్ట

అనగనగా ఒక ఊరుండేదట. మన లోకంలో కాదులే, ఎక్కడో ఆ చుక్కలకి అవతల. ఇలా దగ్గరికి జరుగు. నా నడుం కాస్త నొక్కుతూ విను తల్లీ, పొద్దుట్నించీ పీకేస్తోంది.

ఆ ఊళ్ళో సూర్యుడు లేడు. చంద్రుడూ లేడు. చెట్లు లేవు కాబట్టి కట్టెలు లేవు, కట్టెలు లేవు కాబట్టి పొయ్యీ లేదు. మరేం తినేవాళ్ళంటావా? నాకేం తెలుసే, నేనేమైనా వెళ్ళి వడ్డించానా? మధ్యలో అడ్డు రాకు.

ఊరికి పైన ఒక పెద్ద మంచుకొండ. దానిమీంచి గడ్డకట్టిన ఏరొకటి మెల్లగా కిందికి జారుతూ ఉండేది, ఏడాదికి ఒక జానెడు. ఆ మంచు దానంతటదే వెలిగేది. లేత నీలంగా, చల్లగా. ఒక గడ్డ పగలగొట్టి తెచ్చుకుంటే ఇల్లంతా వెలుగు. అది కరిగిపోయిందంటే మళ్ళీ కటిక చీకటి.

అయితే అక్కడొక కట్టుబాటుంది. మంచు నేల తాకకూడదు. తాకితే ఆరిపోతుందని. అందుకే ప్రతి ఇంట్లోనూ ఉట్టి కట్టి అందులో పెట్టుకునేవాళ్ళు. కొండ మీంచి మంచు మోసుకొచ్చే పని ఒక్క ఇంటి ఆడవాళ్ళది. నెత్తికి తట్ట ఎత్తారంటే ఉట్టిలో వేసేదాకా దింపడానికి లేదు.

ఆ ఇంటి మనిషే సింగారమ్మ. వాళ్ళమ్మ కూడా మోసి మోసి, ఒకనాడు దోవలోనే బండకి ఆనుకుని ప్రాణం వదిలింది. అప్పటికీ తట్ట రెండు చేతుల్తో పట్టుకునే ఉందట. "పోయింది గానీ తట్ట దింపలేదు" అని ఊరంతా మెచ్చుకున్నారు. ఆ మాటే తలుచుకుని సింగారమ్మ ముప్ఫై ఏళ్ళు మోసింది. మెడ బిగుసుకుపోయింది. పడుకున్నా నెత్తిన బరువున్నట్టే ఉండేది పాపం.

ఒకసారి మోకాళ్ళు వాచి మంచాన పడింది. ఊళ్ళో ఉట్లన్నీ ఖాళీ అయిపోయాయి. సరిగ్గా అప్పుడే ఆమె కూతురు నూకాలుకి నొప్పులొచ్చాయి. మంత్రసాని అంకమ్మ చీకట్లో తడుముకుంటూ వచ్చింది.

"సింగారీ, బిడ్డ అడ్డం తిరిగింది. వెలుగు లేకుండా నేను చెయ్యి పెట్టలేనే. తల్లీ దక్కదు, పిల్లా దక్కదు. లే!"

సింగారమ్మ లేచింది. లేవక ఏం చేస్తుంది, కన్నకడుపు కదా. కుంటుకుంటూ కొండెక్కింది. గడ్డ పగలగొట్టింది. తట్ట నెత్తికెత్తుకుంది.

దిగే దోవలో మూడు వాలులున్నాయి. మొదటి వాలులో మోకాలు మెలిపెట్టింది. పళ్ళు బిగించి నడిచింది. ఆ తర్వాత రెండో వాలు. గొంతు పిడచకట్టుకుపోయింది. పక్కనే వాగు పారుతోంది, వంగితే తట్ట జారుతుంది. నీళ్ళ వంక చూడకుండా నడిచింది. అప్పుడు మూడో వాలొచ్చింది. "ఇంకొంచెమే, ఇంకొంచెమే" అని కాళ్ళని బతిమాలింది. కాళ్ళు వినలేదమ్మా. దబ్బున కూలబడింది. తట్ట బోర్లాపడి గడ్డ నేలమీద దొర్లింది.

సింగారమ్మ కళ్ళు గట్టిగా మూసుకుంది. తెరవడానికి భయం. "అయ్యో, నా బిడ్డని నా చేతులారా చీకట్లోకి తోసేశానే" అని గుండెలు బాదుకుంది.

కానీ రెప్పల మీద ఏదో వెలుగు తగుల్తోంది. మెల్లగా కళ్ళు తెరిచింది. గడ్డ మట్టిలోనే ఉంది. వెలుగుతూనే ఉంది! తుడిచి చూసింది. మళ్ళీ మట్టిలో పెట్టి చూసింది. వెలుగు ఇసుమంతైనా తగ్గలేదు.

సంతోషపడాలి కదూ? ఆవిడ ఏడ్చింది. "అమ్మా, ఒక్కసారి దింపుకుని ఉంటే బతికేదానివి కదే! ఎవరి మెప్పు కోసమే పోయావు?" అని వెక్కి వెక్కి ఏడ్చింది. ఆ తర్వాత వాగులోంచి దోసెడు నీళ్ళు తాగింది. తట్ట పక్కన పెట్టుకుని కాళ్ళు బారజాపుకుని, ఊపిరి కుదుటపడేదాకా కూచుంది. ముప్ఫై ఏళ్ళలో అదే మొదటిసారి. అలా కూచోబట్టే మళ్ళీ లేవగలిగింది, ఇల్లు చేరగలిగింది.

అంకమ్మ ఆ వెలుగులో చెయ్యి పెట్టి బిడ్డని సరిచేసింది. ఆడపిల్ల పుట్టింది. కేర్‌మంది. నూకాలు కూడా గట్టెక్కింది.

వెలుగు చూసి ఊళ్ళో ఆడవాళ్ళంతా వచ్చారు. ఊరికి పెద్దామె కామాక్షమ్మ పిల్లని ఎత్తుకుని మురిసిపోయింది. "తట్ట మోసే పిల్ల వచ్చేసిందర్రా! అమ్మమ్మలాగే దింపకుండా మోస్తుంది."

సింగారమ్మ ఉట్టిలోంచి గడ్డ తీసి, అందరి మధ్యా నేలమీద పెట్టేసింది.

"అమ్మో! ఎంత పని చేశావే!" అని ఒకటే కేకలు. కామాక్షమ్మ ముఖం చేతుల్తో కప్పేసుకుంది. కాసేపటికి వేళ్ళ సందుల్లోంచి చూసింది. అందరి ముఖాలూ కింద నుంచి నీలంగా వెలుగుతున్నాయి.

"ఇదెలాగే?" అంది కామాక్షమ్మ. "పెద్దవాళ్ళు అబద్ధం చెప్తారా?"

"అబద్ధం కాదు పెద్దమ్మా, ఎవరూ ఆలోచించలేదు" అంది సింగారమ్మ. కోపం కూడా రాలేదు ఆవిడకి, అంత అలిసిపోయి ఉంది. "కొండ ఇన్నాళ్ళూ దేనిమీదుందర్రా? నేలమీదే కదా."

కామాక్షమ్మ తల దించుకుంది. సింగారమ్మ మనవరాల్ని తన చేతుల్లోకి తీసుకుని, నూకాలు పక్కలో జాగ్రత్తగా పడుకోబెట్టింది. "ఇది మోస్తే మోస్తుంది. అలిసినప్పుడల్లా దింపుకుంటుంది. ఎవరైనా ఏమైనా అన్నారో, నాతో చెప్పమనండి" అంది. ఆ తర్వాత అక్కడే, ఆ నేలమీదే ఒళ్ళు వాల్చింది. ఎవరూ లేపలేదు.

నువ్వూ ఇంక చాల్లే, చేతులు నొప్పెడతాయి.

కథేమో కంచి దారి పట్టింది,
తట్టేమో నేల మీద పెట్టింది,
నీకేమో కునుకు ముంచుకొచ్చింది,
నాకేమో నడుం వాలిపోయింది.