చొక్కా మీద కుట్టు

హాతింకి వచ్చిన కష్టమంతా అతని కుట్టు మరీ బాగుండటం వల్ల వచ్చింది.

అతను దర్జీ బాబా శిష్యుడు. బాబా అసలు పేరు షేక్ యాసీన్. సూఫీ గురువు. బజారులో బట్టలు కుట్టి పొట్టపోసుకుంటూ, కొట్టు వెనక ఉన్న చిన్న గదిలో కూచుని దేవుడి పేరు తలుచుకునేవాడు. దర్జీ పనీ, దైవచింతనా రెండూ ఒకే చాప మీద నేర్పేవాడు. సూది వంకర పోయిందంటే మనసు ఎక్కడికో పోయినట్టే అనేవాడు.

హాతిం సూది ఎన్నడూ వంకర పోలేదు. అతని కుట్టు ఎక్కడ మొదలైందో, ఎక్కడ ముగిసిందో కనపడేది కాదు. ఆ సంగతి ఊరందరికీ తెలుసు. హాతింకి ఇంకాస్త బాగా తెలుసు.

ఆ ఊరు ఎడారి అంచున, ఏటి ఒడ్డున ఉంది. దాన్ని ఏలే అమీరు ఒకనాడు దండోరా వేయించాడు. ఊళ్ళోని యూదులంతా, ఆడా మగా, ఎడమ రొమ్ము మీద పసుపు గుడ్డముక్క గుర్తుగా పెట్టుకోవాలి. అది లేకుండా వీధిలో కనపడితే కొరడా దెబ్బలు. బజారులో ప్రతి దర్జీ తన కొట్టుకొచ్చిన యూదులకి ఆ ముక్క కుట్టిపెట్టాలి. కుట్టనన్నవాడి కొట్టుకి తాళం.

ఎందుకయ్యా ఇదంతా అంటే, ఎవరెవరో గుర్తుపట్టడానికట.

నాకు ఈ మాట దగ్గరే ఒళ్ళు మండుతుంది. తాతల నాటి నుంచి గోడకి గోడ ఆనించి బతికినవాళ్ళకి, ఒకరి ఇంట్లో పొయ్యి ఆరిపోతే ఇంకొకరి ఇంటి నుంచి నిప్పు తెచ్చుకున్నవాళ్ళకి, ఎవరెవరో తెలియదా? తెలియాల్సింది పక్కింటివాడికి కాదు. రాయి విసిరేవాడికి తెలియాలి. మొహం చూడకుండా, పేరడక్కుండా, అల్లంత దూరం నుంచి విసరడానికి వీలుండాలి. ఆ పాడుపనికి దొరతనం వారు పెట్టిన ముద్దుపేరు గుర్తు.

మన ఇళ్ళలో పసుపంటే శుభం. గడపకి రాస్తాం, పెళ్ళికూతురికి పూస్తాం. ఆ రంగుని తీసుకెళ్ళి అవమానానికి వాడుకున్నారు చూడండి. ఎక్కడో దూరదేశం ముచ్చటలే అని తీరిగ్గా కూచోకండి. మెడకి ముంత, నడుముకి తాటాకు కట్టించి మనుషుల్ని నడిపించిన వీధులు మన నేల మీదా ఉన్నాయని పెద్దలు చెబుతారు. కట్టించే వస్తువు మారుతుందేమో గానీ, కట్టించేవాడి బుద్ధి ఎక్కడైనా ఒకటే.

ఇంకో ఘోరం ఉంది. ఆ ఊళ్ళో బట్టలకి రంగులద్దేవాళ్ళంతా యూదులే. పసుపు గుడ్డ కావాలంటే వాళ్ళే అద్దాలి. దానిమ్మ తొక్కలు ఉడకబెట్టి, ఆ నీళ్ళలో తానులు ముంచి, తమ రొమ్ము మీద పడబోయే మచ్చకి తామే రంగు వేశారు. ఎవరి ఉరితాడు వాళ్ళ చేతే పేనించడం అంటే అదీ.

దండోరా విన్న రోజున బాబా చేతిలో కత్తెర కింద పెట్టాడు.

"ఆ కుట్టు నా చేతికి రాదు," అన్నాడు.

హాతిం కంగారుపడ్డాడు. "కొట్టుకి తాళం వేస్తారు బాబా. మిమ్మల్ని ఈడ్చుకుపోతారు."

"పోనీ."

"మనం కాదంటే పక్క కొట్టువాడు కుడతాడు. వాడు నోటికొచ్చినట్టు తిడుతూ కుడతాడు. నేనైతే మర్యాదగా కుడతాను. గుడ్డముక్కే కదా బాబా. మనసులో ద్వేషం లేకుండా కుడితే పాపం ఎక్కడంటుకుంటుంది?"

బాబా అతని మొహంలోకి చూశాడు.

"నీ సూది నీది," అని లోపలి గదిలోకి వెళ్ళిపోయాడు.

ఆ సూది అప్పుడే లాక్కుని పారేసి ఉండాల్సిందని నాకు అనిపిస్తుంది. గురువుల సంగతి నాకు తెలియదు.

హాతిం కుట్టాడు. మాట నిలబెట్టుకుని మర్యాదగానే కుట్టాడు. ముక్క అంచులు గీరుకోకుండా లోపలికి మడిచేవాడు. మొదట్లో వచ్చినవాళ్ళని కూచోబెట్టి, మంచినీళ్ళిచ్చి, "ఈ రోజులు ఎల్లకాలం ఉండవు" అని ఓదార్చేవాడు. ఊళ్ళో యూదులు వేరే కొట్లు మానేసి అతని దగ్గరికే రావడం మొదలెట్టారు. కొత్వాలు మనుషులు కూడా వేలితో గీకి చూసి, ఊడదీయాలన్నా ఊడదని మెచ్చుకునేవాళ్ళు. హాతింకి ఆ మెప్పూ బాగానే ఉండేది, ఈ పుణ్యమూ బాగానే ఉండేది.

తర్వాత జనం ఎక్కువయ్యారు. అరుగెక్కకూడదని వాళ్ళకి కొత్త కట్టడి వచ్చింది. వీధిలోనే నిలబడి చొక్కా అందించేవాళ్ళు. హాతిం చూపు చొక్కా మీదా, ముక్క మీదా ఉండేది. మంచినీళ్ళ కూజా ఎప్పుడు ఖాళీ అయిందో అతను చూసుకోలేదు.

ఆ కొట్టులో ఒక అలవాటు ఉంది. సాయంత్రం చాప చుట్టే ముందు బాబా శిష్యుణ్ణి అడిగేవాడు. "ఇవాళ ఎవరొచ్చారు?" అప్పుడు హాతిం ఆ రోజు వచ్చినవాళ్ళందరి భుజాలూ వర్ణించాలి. ఫలానావిడకి కుడి భుజం దిగి ఉంది, ఫలానా ఆయన మెడ ముందుకి వంగింది, అలా. మొహం అబద్ధమాడుతుంది గానీ భుజం ఆడదు, ఒక్కసారి చూసిన భుజం మరిచిపోయినవాడు దర్జీ కాదు అని బాబా నమ్మకం. హాతిం ఆ పరీక్షలో తప్పింది లేదు. పసుపు ముక్కలు కుట్టడం మొదలెట్టాక మాత్రం బాబా ఆ ప్రశ్న అడగడం మానేశాడు. మానేశాడని హాతిం గమనించనుకూడా లేదు.

ఒక రోజు పొద్దు వాలుతుండగా ఒక ఆడమనిషి కొట్టు ముందుకి పరుగెత్తుకుంటూ వచ్చింది. రొమ్ము మీద పసుపు ముక్క. ఊపిరి అందడం లేదు. బాబాతో మాట్లాడాలి అంది. బాబా జపంలో ఉన్నారు, రేపు రమ్మన్నాడు హాతిం. రేపటిదాకా ఆగే పని కాదంది. హాతిం చేతిలో సగం కుట్టిన చొక్కా ఉంది. "జపంలో లేపకూడదమ్మా. రేపు రండి," అన్నాడు. కొంచెంసేపటికి వీధి ఖాళీ అయింది.

మసీదులో సాయంత్రం అజాన్ పిలుపుకి ఇంకా కాస్త వేళ ఉండగానే బాబా కాళ్ళూ చేతులూ కడుక్కోవడానికి బయటికొచ్చాడు.

"ఎవరిదో గొంతు వినపడింది. ఎవరొచ్చారు?"

"ఎవరో పసుపు ముక్కావిడ బాబా."

"ఎవరు?"

"పసుపు ముక్క..." హాతిం ఆగాడు. ఇంకేమీ తోచలేదు.

"భుజాలు చెప్పు."

చెప్పలేకపోయాడు.

"చేతులు?"

"చూడలేదు బాబా."

"నిన్నేమని పిలిచింది?"

హాతిం గుర్తు తెచ్చుకున్నాడు. "హాతూ అని పిలిచింది. హాతూ, ఒక్కసారి బాబాని పిలువు నాయనా, అంది."

అంటూనే అతని మొహం పాలిపోయింది. ఆ ఊళ్ళో అతన్ని హాతూ అని పిలిచే మనిషి ఒక్కతే ఉంది.

హాతింని కని వాళ్ళమ్మ చచ్చిపోతే, పక్కింటి హదస్సా తన కూతురితో పాటు అతనికీ పాలిచ్చి పెంచింది. ఆమె భర్త ఎల్కానా రంగులద్దేవాడు. పొద్దస్తమానం నీలిమందు తొట్టిలో చేతులు ముంచి ముంచి ఆలుమగలిద్దరికీ మోచేతుల దాకా నీలం పట్టేసింది. ఎంత రుద్దినా పోయేది కాదు. పసివాడిగా హాతిం వీధిలోకొస్తే బుగ్గల మీద నీలి వేలిముద్రలు ఉండేవి. వీడు హదస్సా బిడ్డ అని ఊరు నవ్వేది.

ఆ నీలి చేతులు కొట్టు ముందు నిలబడి బతిమాలుకుంటే అతనికి పసుపు ముక్క ఒక్కటే కనపడింది.

బాబా చెప్పులు కూడా వేసుకోలేదు. హాతిం వెనక పరుగెత్తాడు. బజారు మలుపులోనే సంగతి తెలిసింది. ఎల్కానాని రేవులో పట్టుకున్నారు. గుర్తు లేకుండా దొరికినవాణ్ణి సాయంత్రం అజాన్ అయ్యాక చావడి ముందు కొడతారు. ఆలోగా అమీరు మతానికి చెందిన పెద్దమనిషి ఎవరైనా వచ్చి సాక్ష్యం చెబితే వదిలేస్తారు. హదస్సా వచ్చింది అందుకే.

వాళ్ళు సగం దారిలో ఉండగా అజాన్ వినపడింది.

చావడి ముందు ఎల్కానాని స్తంభానికి కట్టేసి ఉంచారు. నడుము పైన ఒంటి మీద బట్ట లేదు. రంగుతొట్టి దగ్గర చొక్కా విప్పేసి పనిచేయడం అద్దకంవాళ్ళ అలవాటు. నూలు జాడించడానికి ఎప్పట్లాగే ఆ ఒంటితోనే ఏటికి వెళ్ళాడు. పసుపు ముక్క చొక్కా మీద ఉంది, చొక్కా ఇంట్లో కొక్కేనికి ఉంది.

"వీడికి గుర్తు లేదు," అన్నాడు కొరడా పట్టుకున్న జవాను.

"నాకు గుర్తున్నాడు," అన్నాడు బాబా. "ఇతను ఎల్కానా. నా కొట్టులో ప్రతి నీలి తానూ ఇతని చేతిదే. నేను సాక్షిని. విప్పండి."

"అజాన్ అయిపోయింది బాబా. కాస్త ముందొస్తే బాగుండేది."

"ఒంటి మీద చొక్కాయే లేనివాడు గుర్తు ఎక్కడ పెట్టుకుంటాడయ్యా?"

జవాను నవ్వాడు. "అయితే చర్మానికి కుట్టించుకోమనండి. మీ శిష్యుడి కుట్టు భేషుగ్గా ఉంటుందిగా."

చుట్టూ ఉన్నవాళ్ళలో కొందరు నవ్వారు. నవ్వినవాళ్ళలో ఎల్కానా అద్దిన తలపాగా చుట్టుకున్నవాళ్ళూ ఉన్నారు. వాళ్ళని తలుచుకుంటే నాకు అమీరు మీద కంటే ఎక్కువ కోపం వస్తుంది.

కొట్టారు. బాబా ముందుకెళ్ళబోతే ఇద్దరు పట్టుకుని ఆపారు. హాతింని ఎవరూ పట్టుకోలేదు. అతను ఉన్నచోటే ఉండిపోయాడు.

కట్లు విప్పాక ఎల్కానాని బాబా కొట్టుకి మోసుకొచ్చి, బట్టలు కత్తిరించే బల్ల మీద బోర్లా పడుకోబెట్టారు. చావడి నుంచి వెంటే వచ్చిన హదస్సా గుడ్డ తడిపి వీపు అద్దుతోంది. దీపం వెలుతురులో ఆమె చేతులు నీలంగా కనపడుతున్నాయి.

"ఖాలా," అన్నాడు హాతిం. పిన్నిని అక్కడ అలా పిలుస్తారు. "ఖాలా, నేను..."

"నువ్వు పనిలో ఉన్నావు నాయనా. తలెత్తలేదు," అంది హదస్సా. ఆమె గొంతులో కోపం లేదు. ఉంటే హాతింకి కాస్త తేలిగ్గా ఉండేది.

తర్వాత ఆమె బాబా వైపు తిరిగింది. "ఈయన్ని ఇంటికి తీసుకుపోవాలి బాబా. మలుపులో పహరా ఉంది. గుర్తు లేకుండా కనపడితే మళ్ళీ పట్టుకుంటారు. ఒక ముక్క కుట్టించండి."

బాబా హాతిం పక్కనున్న బుట్టలోంచి ఒక పసుపు ముక్క తీశాడు. సూదికి దారం ఎక్కించాడు. రెండూ తీసుకొచ్చి హాతిం చేతిలో పెట్టాడు.

"కుట్టు."

హాతిం చుట్టూ చూశాడు. "చొక్కా ఏది బాబా?"

బాబా బల్ల వైపు చూపించాడు. బల్ల మీద ఎల్కానా వీపు ఉంది.

"చొక్కా లేదు బాబా," అన్నాడు హాతిం.

"ఇన్నాళ్ళూ నువ్వు కుట్టింది చొక్కాల మీదే అనుకున్నావా?" అన్నాడు బాబా.

హాతిం ముక్కనీ సూదినీ బుట్టలో పడేశాడు. తన చొక్కా విప్పి బల్ల మీద పెట్టాడు. కిందికి వంగి, ఎల్కానా చేతులు తన మెడ చుట్టూ వేసుకుని, అతన్ని వీపు మీదికి ఎత్తుకున్నాడు. గుమ్మం దాటి వీధిలోకి దిగాడు. హదస్సా వెనకాలే నడిచింది.

మలుపులో పహరావాడు దీపం ఎత్తి చూశాడు. ముందున్న మగవాళ్ళిద్దరి ఒంటి మీదా చొక్కాలు లేవు. ఒకడి నెత్తురు ఇంకొకడి భుజాల మీదికి కారింది.

"మీ ఇద్దరిలో గుర్తు పెట్టుకోవాల్సినవాడు ఎవడు?" అని గద్దించాడు.

"నేనే," అన్నాడు హాతిం.