ఏ ఎముకనూ తాకని ఎముక

ప్రొఫెసర్ కుముదిని గారికి ఒక అలవాటు ఉండేది. ఎముకల పరీక్షలో ఎవరినీ కళ్ళతో చూడనిచ్చేవారు కాదు. మూతికి నాడా కట్టిన నల్ల గుడ్డ సంచి ఒకటి ఆమె బల్ల సొరుగులో ఉండేది. అందులో ఒక ఎముక వేసి విద్యార్థిని చెయ్యి పెట్టమనేవారు. ఏ ఎముక, కుడిదా ఎడమదా, ఏది పైవైపు, ఏ గాడిలోంచి ఏ నరం పోతుంది, అన్నీ తడిమి చెప్పాలి. చూడటానికి వీల్లేదు.

"కళ్ళకు పుస్తకం తెలుసు. అందుకని పుస్తకంలో ఉన్నదే చూస్తాయి. వేళ్ళకు చదువు రాదు కనక అబద్ధం రాదు" అనేవారు.

సముద్రపు గాలి తగిలే ఆ ప్రభుత్వ వైద్య కళాశాలలో, ఆ సంచిలో చెయ్యి పెట్టి కళ్ళు తిరిగి పడిపోయినవాళ్ళున్నారు. లోపల ఉన్నది వేలెడంత ఎముకే కావచ్చు. అయినా ఆ చీకట్లో, అవతలి వైపు నుంచి ఎవరో తమ వేలు అందించినట్టే ఉంటుంది.

వంశధర్ ఆమె దగ్గర పీజీ చేస్తూ, మొదటి సంవత్సరం పిల్లలకు, శవాలు కోసి నేర్చుకునే డిసెక్షన్ హాలులో పాఠం చెప్పేవాడు. బాగా చదివినవాడు, అంతకంటే బాగా మాట్లాడేవాడు. పిల్లలు చాటుగా అతన్ని నినాదం సార్ అని పిలుచుకునేవారు. కానీ అతని కోపం అబద్ధం కాదు. ఆ హాలులో బల్లల మీద పడుకున్నవాళ్ళలో ఇష్టపడి వచ్చినవాళ్ళు ఎవరూ లేరు. ప్లాట్‌ఫాం మీద పోయినవాళ్ళు, ఆసుపత్రి వరండాలో పోయినవాళ్ళు, మా మనిషి అని ఎవరూ రానివాళ్ళు. ఈ దేశంలో పేదవాడు రెండుసార్లు పనికొస్తాడు: బతికుండగా ఇటుకకి, పోయాక పాఠానికి. రెండుచోట్లా అతని పేరు ఎవరికీ అక్కర్లేదు. ఈ మాట నిజం. నిజమైన మాటను రోజూ అంటూ ఉంటే ఏమవుతుందన్నది వేరే సంగతి.

ఒక సాయంత్రం స్టాఫ్ రూంలో టీ తాగుతుండగా వంశధర్ లేచి నిలబడ్డాడు.

"మేడమ్, ఒక ప్రశ్న."

"నీ దగ్గర ప్రశ్నలెక్కడివయ్యా, ఉపన్యాసాలేగా. కానియ్యి."

నవ్వులు ఆగేదాకా ఆగి అతను అన్నాడు: "మన హాలులో ఉన్న ఏ మనిషినైనా తీసుకోండి. అతని ఎముక మీద ప్రతి గీతకూ, ప్రతి గుంటకూ పేరుంది. లాటిన్ పేరు, గ్రీకు పేరు, మనవాళ్ళు సంస్కృతంలో కుట్టిన పేరు. మనిషికి మాత్రం బల్ల నంబరు. పేరు లేని మనుషుల ఎముకలకు ఇన్ని పేర్లు దేనికి మేడమ్? పేరు పెట్టడమంటే పెత్తనం చెయ్యడమే. నోరులేని వాడి ఒంటి మీద మనం మన భాష చెక్కుతున్నాం. దాన్ని చదువంటున్నాం."

కుముదిని గారు టీ గ్లాసు కింద పెట్టారు. కోప్పడలేదు, వాదించలేదు.

"రేపు పొద్దున్న నా గదికి రా. చేతులు కడుక్కుని రా" అన్నారు.

"అయిపోయావోయ్! విప్లవం సంచిలో పడింది" అన్నాడు పక్క కుర్చీలోని ఫిజియాలజీ ఆయన. మళ్ళీ నవ్వులు.

మర్నాడు ముసురు పట్టింది. హాలు కిటికీలు మూసేసి ఉండటంతో ఫార్మలిన్ ఘాటు వసారా దాకా వచ్చి నిలబడి ఉంది. బయట ఒక వ్యాను, వెనక తలుపు తెరిచి, ఎవరికోసమో కాచుకుని ఉంది. ప్రొఫెసర్ గదిలో గోడవార బెంచీ మీద ఒక ఆడమనిషి కూర్చుని ఉంది. ముప్పై ఏళ్ళు ఉండొచ్చు. ఒళ్ళో మడత విప్పని కొత్త చీర. ఏదో సర్టిఫికెట్ కోసం వచ్చిందనుకున్నాడు వంశధర్. ఎవరమ్మా నువ్వని అడగలేదు. బల్ల మీద నల్ల సంచి అతనికోసం సిద్ధంగా ఉంది.

"చెయ్యి పెట్టు" అన్నారు కుముదిని గారు.

పెట్టాడు. మొదట గుడ్డ తప్ప ఏమీ తగల్లేదు. తర్వాత అడుగున, ఒక మూల, సన్నటిది, తేలికైనది, విల్లులా వంగినది తగిలింది. ఉడకబెట్టి తెల్లగా చేసిన ఎముక కాదు. దాని మీద ఇంకా ఎండిన పీచు అంటుకుని ఉంది. ఎవరో అప్పటిదాకా గుప్పిట్లో పట్టుకుని వదిలినట్టు కాస్త వెచ్చగా ఉంది.

"హయాయిడ్ మేడమ్."

"పిల్లలకు చెప్పినట్టు చెప్పు."

"తెలుగు పుస్తకాల్లో కంఠికాస్థి అంటారు. గ్రీకుల అక్షరం ఒకటి ఇలాగే వంగి ఉంటుంది, అందుకని ఆ పేరు. దవడ కింద, గొంతుకు ముందు ఉంటుంది. నడుమ ఒక పలక, దానికి రెండు వైపులా వెనక్కి పోయే పెద్ద కొమ్ములు, పైన రెండు చిన్న కొమ్ములు. ఇంకే ఎముకనూ తాకదు. కండరాలే దాన్ని గాలిలో పట్టుకుని ఉంటాయి. నాలుక దీన్ని ఆనుకునే కదులుతుంది. మాటా గుటకా రెండూ దీని మీదే."

"మన గదిలో అంతే. ఈ మాట వేరే గదుల్లో ఎలా వాడతారు?"

"గొంతు డాక్టర్లకు ఇదొక ఆనవాలు, కోతకు కొలత. శవపరీక్ష గదిలో..." అతను ఎముకను వేళ్ళ మధ్య తిప్పాడు. "అక్కడ హయాయిడ్ ఎలా ఉందని అడిగారంటే, ఎముక సంగతి కాదు మేడమ్. గొంతు ఎవరైనా నొక్కారా అని అడిగినట్టు."

బెంచీ మీది మనిషి తలెత్తింది.

"రెండో చెయ్యి నీ గొంతు మీద వేసుకో. పోల్చుకుని చెప్పు" అన్నారు కుముదిని గారు. ఇది కూడా ఆమె అలవాటే. తన ఒంట్లో వెతుక్కోకుండా ఎవరూ ఇంకొకరి ఎముక పేరు చెప్పకూడదు.

వంశధర్ ఎడమ చేతి వేళ్ళతో తన గొంతు పట్టుకున్నాడు. కుడి చెయ్యి సంచిలో ఉంది. గుటక వేశాడు. వేళ్ళ కింద అతని ఎముక లేచి, దిగింది. అదే క్షణంలో కుడి చేతిలో ఉన్నదీ లేచి, దిగినట్టయింది. తన చెయ్యే వణికి ఉంటుందనుకున్నాడు. నిదానంగా, కావాలని, ఇంకోసారి గుటక వేశాడు. ఈసారి లోపలిది కాస్త ఆలస్యంగా లేచింది, మాట అందుకోబోయేవాళ్ళ గొంతులా. చెయ్యి బయటికి లాక్కోవాలనిపించింది. ఆమె ముందు అలా లాక్కున్నవాళ్ళను తానే వెక్కిరించి ఉన్నాడు కనక లాక్కోలేదు.

"చెప్పు. వయసు?"

"పలకకూ పెద్ద కొమ్ములకూ మధ్య అతుకు రెండువైపులా గట్టిపడింది. నలభై దాటిన మనిషి. సన్నగా ఉంది, ఆడమనిషే కావచ్చు." వేళ్ళు ముందుకు పోయాయి, ఆగాయి. "ఎడమ కొమ్ము చివరిదాకా లేదు మేడమ్. ఉంది, కానీ తెగి, పీచుకు వేలాడుతోంది."

"పుట్టుకతో కలవకపోయి ఉండొచ్చుగా? వేరియేషన్ అనుకోవచ్చు."

శరీరశాస్త్రం వాళ్ళకు వేరియేషన్ అనేది మంచి ఆసరా. పుస్తకంలో లేనిది ఏది ఎదురైనా, మనిషికీ మనిషికీ ఉండే తేడా అని చెప్పి సాగిపోవచ్చు. అది తప్పు మాట కూడా కాదు, చాలాసార్లు నిజమే.

వంశధర్ ఒప్పుకోలేదు. అతనికి పాత హుషారు తిరిగి వచ్చింది. "కుదరదు మేడమ్! కలవని కొమ్మయితే ఖాళీ అతుకు దగ్గర ఉండాలి, నున్నగా ఉండాలి. ఇది అతుక్కి దూరంగా, కొమ్ము నడుమ తెగింది. అంచు గరుకు. తెగిన ముక్క లోపలికి వంగింది. తడిమితే మొదటి సంవత్సరం పిల్లకైనా తెలుస్తుంది. దీన్ని వేరియేషన్ అన్నవాడెవడో తాకకుండా చెప్పి ఉంటాడు."

"బయటికి తియ్యి."

తీసి బల్ల మీద పెట్టాడు. తెగిన అంచు చుట్టూ పీచు నల్లగా, ఎండిన చింతపండు రంగులో ఉంది. విరిగినప్పుడు రక్తం పారుతూ ఉండాలి, అప్పుడే ఆ రంగు.

"మన కత్తి పని కాదు ఇది" అన్నాడు మెల్లగా. "బతికుండగానే..."

"ఆరో బల్ల" అన్నారు కుముదిని గారు.

ఆ హాలుకు ఒక నియమం ఉంది. ప్రతి బల్ల కిందా ఒక మూత బకెట్ ఉంటుంది. ఆ మనిషి నుంచి వేరు చేసినది, ఎంత చిన్న ముక్కయినా, ఆ బకెట్‌లోకే పోవాలి. వెళ్ళేటప్పుడు మనిషి మొత్తంగా వెళ్ళాలని. ఆరో బల్ల మనిషికి కూతురు వచ్చిందని తెలిసి, ముందురోజు ఆ తల్లి ఒంటి ముక్కలన్నీ ఒకచోట చేర్చింది కుముదిని గారే. ఆ బకెట్‌లో దొరికిందది.

వంశధర్‌కు మెడ పాఠం రోజు గుర్తొచ్చింది. అతను నాలుగో బల్ల దగ్గర నిలబడి, పేరులేని జనం గురించి పిల్లలకు ఆవేశంగా చెబుతున్నాడు. ఆరో బల్ల నుంచి ఒక అమ్మాయి పిలిచింది: సార్, ఇది విరిగినట్టుంది. అతను మాట ఆపకుండానే అటు తల తిప్పి చూశాడు. వేరియేషన్, రాసుకుని ముందుకు పదండి, అన్నాడు. అప్పుడు అతను చెబుతున్న వాక్యం చాలా బాగా వచ్చింది. పిల్లలు చప్పట్లు కొట్టారు కూడా.

"ఈవిడ అప్పలనరసమ్మ" అన్నారు కుముదిని గారు, బెంచీ వైపు చూసి. "తల్లిని తీసుకెళ్ళడానికి వచ్చింది."

అప్పలనరసమ్మ లేచి నిలబడింది. ఎముక వైపు చూడలేదు. వంశధర్ నోటి వైపు చూసింది.

"బాబూ, మాయమ్మ ఇటకల బట్టీలో సేసీది. జొరమొచ్చి పోనాదని మేస్త్రీ సెప్పినాడు. ఆసుపత్రి గేటు కాడ దించీసి ఎలిపోనాడట. జొరవే అని ఈలూ రాసీసినారు. నానొచ్చీసరికి ఇక్కడికి తెచ్చీసినారన్నారు. సదువుకున్నోలు గదా, పోన్లెమ్మనుకున్నాను. ఇప్పుడు మీరు సెప్పిందంతా ఇన్నాను. నాకు ఒక్కటే తెలీలేదు. జొరానికి అది ఇరుగుతాదా?"

వంశధర్ దగ్గర వాక్యాలు చాలా ఉన్నాయి. బట్టీల గురించి, మేస్త్రీల గురించి, చచ్చినవాళ్ళను కూడా దోచుకునే వ్యవస్థ గురించి. అన్నీ గొంతు దాకా వచ్చాయి. అక్కడ ఏదో లేచి, అడ్డంగా నిలబడింది.

"విరగదమ్మా" అన్నాడు.

అతని గొంతు కదలడం ఆమె చూసింది. ఆమె గొంతు కదలడం అతను చూశాడు. గదిలో మూడు గొంతులూ ఒక్కసారే గుటక వేశాయి. బల్ల మీద ఉన్నది మాత్రం కదల్లేదు. కదల్లేదనే వంశధర్ ఇప్పటికీ అంటాడు, ఎవరూ అడగకపోయినా.

వ్యాను డ్రైవరు గుమ్మం దగ్గరికి వచ్చాడు. "మేడమ్‌గారూ, ఎక్కించీమంటారా? కట్టెలు తడిసిపోతన్నాయండి అక్కడ."

ఆ వ్యాను కదిలితే సాయంత్రానికి బూడిద తప్ప ఏమీ మిగలదు. ఆ విరిగిన కొమ్ము ఎవరి గొంతుదో చెప్పడానికి ఆ గొంతు ఉండదు. ఆపితే పోలీసులు వస్తారు. ఇన్నాళ్ళూ మీ బల్ల మీదే ఉంది కదా, చూసినవాళ్ళెవరు, ఏమన్నారు, అని అడుగుతారు. బల్ల చుట్టూ నిలబడి విన్న పిల్లలందరూ ఉన్నారు.

"మేడమ్" అన్నాడు వంశధర్. "ఇది రుజువు కాదు, అనుమానమే. పైగా నేను అప్పుడే... పిల్లలంతా విన్నారు. నా మాటకు ఇంక..."

కుముదిని గారు ఖాళీ సంచి నాడా బిగించి కట్టి, సొరుగులో పెట్టుకుంటున్నారు.

అప్పలనరసమ్మ డ్రైవరు వైపు తిరిగింది. చేతిలోని కొత్త చీరను గుండెకు గట్టిగా అదుముకుంది. "ఆగు తమ్మీ. అమ్మకి సీర తరవాత కడతాను" అంది.

అప్పుడు వంశధర్ తన జీవితంలో మొదటిసారి, ఆ హాలుకు సంబంధించిన ఒక మనిషిని ఆ మాట అడిగాడు.

"మీ అమ్మ పేరేంటమ్మా?"

"పైడమ్మ."

అతను ఆ పేరును నోట్లోనే ఒకసారి అనుకున్నాడు. గొంతులో ఎముక లేచి, దిగింది. తర్వాత గురువు వైపు తిరిగి, ఇప్పుడు ఏం చెయ్యమంటారని కళ్ళతోనే అడిగాడు.

"పేరు పెట్టడమంటే పెత్తనం చెయ్యడమే అన్నావు నిన్న" అన్నారు కుముదిని గారు, సొరుగు మూస్తూ. "వేరియేషన్ అని నువ్వు పెట్టిన పేరు కింద ఆమె ఇన్నాళ్ళూ ఉంది. ముందు వెళ్ళి అది తియ్యి."