రెండాకుల గొంజిపొద

అనగనగా ఒక కొండ. మన వైపుది కాదర్రా పిల్లలూ, సముద్రాల అవతల యూదుల సీమలోది. ఆ కొండ మీద చిన్న గొంజిపొద ఒకటి ఉండేది. ఎత్తు మోకాలి దాకానే, వాసన మాత్రం కొండంతా.

ఆ సీమలో ఏడో నెల పున్నమికి పర్ణశాలల పండుగ వస్తుంది. ఇంటింటా కొమ్మలతో పందిరి వేసి, ఏడు రోజులూ అందులోనే భోంచేస్తారు. గొంజికొమ్మలు చేతబట్టి దేవుణ్ణి స్తుతిస్తారు. అయితే ఆ కొమ్మకు కణుపు కణుపుకీ మూడేసి ఆకులుండాలని నియమం. మన పొదకు ఉన్నవి రెండేసి. ఏటా జనం రావడం, ఆకులు చూడడం, పెదవి విరిచి వెళ్లడం! పండుగకు వెళ్లాలని పాపం దానికి ఎంత ఆశో.

ఒక ఏడాది పండుగ ముందు యెకూతీయేలు తాత కొండెక్కాడు. ఆయనకు చూపు ఆనదు. ఏటా కొమ్మలు ఏరి తెచ్చేది ఆయన భార్య షిఫ్రా. ఆ వేసవిలోనే ఆమె కన్నుమూసింది.

"గొంజి తల్లీ, ఎక్కడున్నావమ్మా?" అని తాత పిలిచాడు.

"ఇదిగో, నేనే గొంజిని!" అంది మస్తకి పొద. తాత తడిమి చూశాడు. వేళ్లకు బంక అంటుకుంది. "నువ్వు కాదులే" అని నవ్వాడు.

"నేను, నేను!" అంది హిస్సోపు పొద. తాత వాసన చూశాడు. "నిన్ను రొట్టెలో నంజుకుంటాం గానీ, పండుగకు పట్టుకోమమ్మా" అన్నాడు.

మూడోసారి ఆయన చెయ్యి మన పొద మీద పడింది. నున్నటి ఆకు, అదే వాసన. తాత ముఖం వెలిగింది. రాళ్లు కొట్టి కొట్టి మొద్దుబారిన వేళ్లతో ఆకులు లెక్కపెట్టబోయాడు. ఎన్నో తెలియలేదు.

"నేను లేనని పండుగ మానెయ్యకని షిఫ్రా నా చేత మాట తీసుకుంది. నువ్వే చెప్పు తల్లీ, మూడేసేనా?"

"ఊఁ అనెయ్యవే! ఈ ముసలాయనకు ఏం తెలుస్తుంది?" అని మస్తకి గుసగుసలాడింది.

పొదకు ఆశ పుట్టింది. ఒక్క మాట చాలు, పండుగకు వెళ్లిపోవచ్చు. కానీ తాత ఇచ్చిన మాట ఏమైపోవాలి?

"రెండేసే తాతా" అంది చివరికి. "కింద వాగు పక్కన మా అక్క ఉంది. దానికి మూడేసి. రాళ్లు జారతాయి, మెల్లిగా దిగు."

తాత దిగాడు, కొమ్మలు కోసుకున్నాడు, ఇంటికి వెళ్లిపోయాడు. పొద వెక్కివెక్కి ఏడ్చింది. నిజం చెప్పినవాళ్లు ఏడవకూడదని ఎవరన్నారు?

పండుగ అయిపోయింది. ఆ తర్వాతి శుక్రవారం తాత మళ్లీ వచ్చాడు.

"ఇప్పుడేం పండుగ తాతా?"

"పండుగ కాదమ్మా, వారం వారం వచ్చే మా విశ్రాంతిదినం. రేపు సాయంత్రం మూడు చుక్కలు పొడిచేసరికి అది వెళ్లిపోతుంది. అప్పుడు మనసుకు దిగులు. ఆ దిగులు తీరడానికి మంచి వాసన చూస్తాం. షిఫ్రా పోయాక నాకా దిగులు మరీ ఎక్కువ. ఆ రోజున కొమ్మ తుంచకూడదు గనక ఇవాళే వచ్చాను. దీనికి ఆకులెన్నని ఎవరూ అడగరు. నాకు అబద్ధం చెప్పని పొద ఉంటే చాలు."

తాత ఒక రెమ్మ తుంచుకున్నాడు. పై వారం వచ్చాడు, ఆపై వారమూ వచ్చాడు. వాగు పక్కన అక్క ఊళ్లోకి వెళ్లేది ఏడాదికోసారి. మన పొద వారం వారం వెళ్లింది.

అందుకే పిల్లలూ, లేనిది ఉందని చెప్పి ఒక రోజు గెలవడం కన్నా, ఉన్నది ఉన్నట్టు చెప్పి ఒక మనిషి నమ్మకాన్ని గెలుచుకోవడం మేలు.