దివాను గారి ఊ

పూర్వం ఒక రాజ్యంలో దివాను భైరవమూర్తి పెద్ద చెరువు కట్టించాడు. ఆ నీళ్లతో పంటలు పండించుకున్నవాళ్లు ఆయన్ని దేవుడన్నారు. ఆ నీళ్లలో ఇళ్లు పోయిన ములగపాడు వాళ్లు శాపనార్థాలు పెట్టారు. అక్కడ ఎవరూ ఉండేవారు కాదని దివాను రాజుతో చెప్పి ఉండటంతో వాళ్లకి జానెడు నేల కూడా దక్కలేదు.

తన జీవితాన్ని రాజుగారి ముందు తోలుబొమ్మలాటగా ఆడమని దివాను, బొమ్మలాడించే ఓబులక్కని పిలిపించాడు.

"ములగపాడు బొమ్మ ఒక్కటి నోరు విప్పినా నీ బొమ్మల పెట్టె తగలబెట్టిస్తాను," అన్నాడు.

"అట్లాగేనయ్యా. కథంతా తమరి బొమ్మే చెబుతుంది. తమరు ఊ కొడుతూ వినండి," అంది ఓబులక్క.

దీపాలు పెట్టే వేళకి తెర వెలిగింది. చెరువు మీంచి చల్లగాలి వస్తోంది. దివాను బొమ్మ జోలపాటలా కథ ఎత్తుకుంది.

"కొండవాగుకి అడ్డుకట్ట వేశాను."

"ఊ," అన్నారు జనం.

"నీళ్లు నిండాయి. బీళ్లు పచ్చబడ్డాయి."

"ఊ." ఈసారి దివాను కూడా కళ్లు అరమోడ్చి ఊ కొట్టాడు.

"కొంగలొచ్చాయి. తామరలు పూశాయి."

"ఊ..."

"ములగపాడులో నూరిళ్లు, పొయ్యిల మీద కుండలతో సహా మునిగిపోయాయి."



"ఊ," అన్నాడు దివాను ఒక్కడే, నిద్రమత్తులో తియ్యగా.

రాజు పక్కకి తిరిగి చూశాడు. దివాను ఉలిక్కిపడి, "దీని పెట్టె తగలబెట్టండి," అని అరిచాడు.

ఓబులక్క తెర పక్కనుంచి తొంగిచూసింది. "ములగపాడు బొమ్మలు పెట్టెలోంచే రాలేదయ్యా. చెప్పింది తమరి బొమ్మ. ఊ కొట్టింది తమరు."

"ఆ నూరు కుటుంబాలకీ మంచి మాగాణి ఇవ్వాలిగా, దివాను గారూ?" అని రాజు అడిగాడు.

"ఊ," అన్నాడు దివాను, ఈసారి పూర్తి మెలకువతో.