చిన్నాలు పోగొట్టుకున్న మాటలు

అనగనగా ఒక ఊళ్ళో... అంటే మన ఊరు కాదర్రా, పక్కూరూ కాదు, బండి కట్టుకుని ఎన్నాళ్ళు పోయినా రాని ఊరు. ఆ ఊళ్ళో పాపమంటే పైనెవరో చూసి శిక్ష వేసేది కాదు. నోట్లోనే ఉండేది. అబద్ధం ఆడితే, ఆ అబద్ధం ఏ మాట మీద నిలబడిందో ఆ మాట నాలుక మీంచి ఊడిపోయేది. ఇంక చచ్చేదాకా తిరిగొచ్చేది కాదు. బెల్లం నేను తినలేదమ్మా అన్నాడనుకో ఒకడు, బెల్లం అనే మాట పోయె. తర్వాత కొట్టు దగ్గర నిలబడి, అదీ... తియ్యగా... ముద్దగా... అని చేతులు తిప్పుకోవడమే. నవ్వకు మల్లీ, నువ్వైతే ఈపాటికి మూగదానివయ్యేదానివి. ఆ ఊరి రాజుగారికైతే 'నేను' అనే మాటే పోయిందట. ఎన్ని గొప్పలు చెప్పుకున్నాడో మరి!

ఊ కొడుతున్నారా? కొట్టండి మరి, లేకపోతే నేను గోడకి చెప్పుకుంటున్నట్టుంటుంది.

ఆ ఊళ్ళో ఏటి ఒడ్డున మరిడమ్మ అని ఒక ముసలమ్మ. కళ్ళు కనపడవు, మంచం దిగలేదు. కొడుకు ఎరకయ్య చేపలు పట్టేవాడు. కోడలు పేరు చిన్నాలు. వట్టి వాగుడుకాయ. పొద్దున్న లేచిందగ్గర్నుంచి కాకితో మాట్లాడేది, కుండతో మాట్లాడేది, పొయ్యి రాజుకోకపోతే పొయ్యినీ తిట్టేది. అత్తకి కళ్ళు లేవుగా, ఏటి మీద ఎండ ఎలా పడిందో, ఎవరింటి మీదికి గుమ్మడితీగ పాకిందో, అన్నీ ఆ పిల్ల నోటితోనే చూసేది.

ఒకనాడు గాలివానొచ్చింది. ఎరకయ్య పడవ ముక్కలై ఒడ్డుకి కొట్టుకొచ్చింది. ఎరకయ్య రాలేదు. ఊరంతా చూసింది, చిన్నాలూ చూసింది. ఏడుపు గొంతులోనే నొక్కుకుని ఇంటికొస్తే, మంచం మీంచి అత్త అడిగింది, "ఏమే, నా బిడ్డ వస్తాడా?" అని. ఏం చెబుతుందర్రా ఆ పిల్ల? చెబితే ముసలి ప్రాణం ఆ పూటే పోయేట్టుంది. "వస్తాడత్తా" అంది. అంతే. వస్తాడు అనే మాట పోయింది.

మర్నాడు మళ్ళీ అడిగింది. పడవ చెడితే బాగు చేయించుకుంటున్నాడంది. పడవ పోయింది. చేపలు బాగా పడుతున్నాయంట, ఎండబెట్టుకుని మరీ బయల్దేరతాడంట అంది. చేప పోయింది. గాలి ఎదురుగా ఉందంది, గాలి పోయింది. ఏరు పొంగిందంది, ఏరు పోయింది. రాత్రి కల్లో కనపడి నవ్వాడత్తా అంది, నవ్వు పోయింది. పడవ పోయి, చేప పోయి, గాలి పోయి, ఏరు పోయి, నవ్వు పోయి, ఇంకా ఏమేం పోయాయో, ఆఖరికి ఆ ఇంట్లో అడుగుల చప్పుడే గాని ఆ పిల్ల గొంతు వినపడేది కాదు.

మరి ఊళ్ళోవాళ్ళు? వాళ్ళు సత్యవంతులమ్మా! అబద్ధం ఆడకూడదు, నిజం చెప్పే ధైర్యమా లేదు. అందుకని ఆ గుమ్మం తొక్కడమే మానేశారు. తలుచుకుంటే నాకు ఒళ్ళు మండిపోతుంది.

మరిడమ్మకి తెలీదనుకున్నారా? మొదట్లోనే తెలిసిపోయింది. వీధిలో ఉప్పమ్మేవాడు మళ్ళీ ఎప్పుడొస్తాడే అని అడిగితే, చిన్నాలు తడబడి, "రేపు... ఇటు... నడుస్తాడత్తా" అంది. ముసలమ్మ ఇంకేం అడక్కుండా గోడవైపు తిరిగి పడుకుంది. తెలిసీ ఎందుకూరుకుందమ్మమ్మా అంటావా వాసూ? భయం నాయనా. పైకి అంటే నిజమైపోతుందని భయం. తను అడిగినప్పుడల్లా ఆ పిల్లకి ఒక మాట పోతోందని తెలిసి కూడా అడిగింది. కడుపుకోత అలాంటిది, మంచివాళ్ళని కూడా కఠినుల్ని చేస్తుంది.

ఇలా ఉండగా ఊరిపెద్ద నలుగురినీ వెంటబెట్టుకుని వచ్చాడు. మాటలన్నీ ఊడినవాళ్ళు ఊళ్ళో ఉండకూడదని కట్టుబాటు. కన్నవాళ్ళొచ్చి ఇది మా బిడ్డ అని పూచీ పడితే సరి, లేకపోతే ఏరు దాటించేయడమే. చిన్నాలుకి కన్నవాళ్ళు ఎప్పుడో పోయారు. ఎందుకాడావే అన్ని అబద్ధాలు అని అడిగారు. చెప్పడానికి మాటలేవీ? గుడ్లనీళ్ళు గుడ్లల్లోనే కుక్కుకుని నిలబడింది.

అప్పుడు మరిడమ్మ మంచం పట్టె పట్టుకుని లేచింది. నా కొడుకు ఏట్లో పోయాడు, నాకు తెలుసు అంది. ఆ మాట వినగానే చిన్నాలు కూలబడి, అన్నాళ్ళ ఏడుపూ ఒక్కసారే ఏడ్చింది. ముసలమ్మ తడుముకుంటూ వెళ్ళి దాని తల మీద చెయ్యి వేసి, "ఇది నా బిడ్డ" అంది.

జనం ఊపిరి బిగపట్టారు. కడుపున పుట్టలేదు కదా, కోడలు కదా. అబద్ధమైతే బిడ్డ అనే మాటే పోతుంది. ఎరకయ్యని పుట్టినప్పట్నుంచీ పిలుచుకున్న మాట అది. కొడుకెలాగూ పోయాడు, ఆ మాట కూడా పోతే ఏమని ఏడుస్తుంది?

"ఏదీ, మళ్ళీ అను మరిడమ్మా" అన్నాడు ఊరిపెద్ద.

ముసలమ్మ నోరు తెరిచింది. మాట రాలేదు. చిన్నాలు చేతులు జోడించి, వద్దు వద్దని తల ఊపుతోంది. కళ్ళు లేని మనిషికి ఏం కనపడుతుంది?

"నా... నా బిడ్డ" అంది. "నా బిడ్డే. నా బిడ్డ." ఎన్నిసార్లు అన్నా ఆ మాట పోలేదర్రా. ఊరిపెద్ద తలపాగా తీసి చేత్తో పట్టుకుని వెళ్ళిపోయాడు.

చిన్నాలు మాటలు తిరిగొచ్చాయా అని అడక్కు మల్లీ. రాలేదమ్మా. పోయినవి పోయాయి. ఎరకయ్యా రాలేదు. కాని ఆ అత్తాకోడళ్ళు ఒకే కంచంలో తిని, ఒకే దుప్పట్లో పడుకుని, ఉన్నన్నాళ్ళూ సుఖంగానే ఉన్నారు. మీరు పెద్దయ్యాక ఎవరింట్లోనైనా కష్టమొస్తే, ఏం మాట్లాడాలో తెలీకపోయినా సరే, వెళ్ళి పక్కన కూర్చోండి.

కథ కంచి దారి పట్టింది, మనం నిద్ర దారి పడదాం. ఇలా దగ్గరికి జరగండి బిడ్డల్లారా, చలేస్తోంది.