అడిగినావా

కొండమీద మనుషులెవరూ లేరని మంత్రి కాగితం రాసిచ్చాడు. ఆ కొండను పగలగొట్టించి, ఆ రాళ్లతో కోటకు కొత్త గోడ కట్టించాలని రాజు అనుకున్నాడు.

ఉన్నారని చెప్పినవాడు ఒక్కడే, అద్దం మనిషి. అతని అద్దం చూసినదాన్ని చూసినట్టే దాచుకుంటుంది, విన్న మాటతో సహా. అక్కర్లేదనుకున్నది అతను గుడ్డతో తుడిచేస్తాడు. పున్నమినాటికి వాళ్లను అద్దంలో తెచ్చి చూపించమనీ, నమ్మకం కుదిరితే కొండ జోలికి పోననీ రాజు అన్నాడు.

కొండమీద రాళ్లు కొట్టి బతికేవాళ్ల గుడిసెలు ముప్పై దాకా ఉన్నాయి. అతను వెళ్లేసరికి ఒక ముసలమ్మ బండకు చెవి ఆనించి కూర్చుని ఉంది. చాలాసేపటికి తలెత్తి, అద్దంలోకి సూటిగా చూసి, "అడిగినావా?" అంది.

రాజుగారిని అడిగే వచ్చానని అతను గొప్పగా చెప్పాడు. ఆమె మళ్లీ బండకు చెవి ఆనించింది.

ఇక మొదలుపెట్టాడు మహానుభావుడు. పగిలిన పాదాలు అద్దానికి పట్టాడు, ఖాళీ కుండలు పట్టాడు. పిల్లలు నవ్వితే తుడిచేశాడు. ముసలమ్మ రోజూ బండకు చెవి పెట్టి కూర్చోవడం దండగనుకుని అదీ తుడిచేశాడు. మొదటి రోజుది మాత్రం తుడవడం మరిచిపోయాడు. రాజు కళ్లు చెమ్మగిల్లితే కొండ దక్కుతుందని అతని ఆశ. మనసు మంచిదే, కాదనలేం.

ఒకరోజు సరదాపడి తనే సుత్తి అందుకుని బండమీద గట్టిగా ఒక్కటిచ్చాడు. రాతి ముక్క ఎగిరొచ్చి తగిలి అద్దం అంచు పగిలింది.

ముసలమ్మ సుత్తి తీసుకుంది. మెల్లగా తట్టి, చెవి పెట్టి, ఇంకోచోట తట్టింది. రాయి ఖంగుమన్నచోట ఒక్క దెబ్బ వేసింది. బండ రెండుగా విడిపోయింది.

"రాయినైనా అడిగి కొడతాం అబ్బీ. నువ్వు మమ్మల్ని అడక్కుండానే పట్టుకుపోతా ఉండావు," అంది.

మొదటి రోజు ఆమె అడిగిందేమిటో అతనికి అప్పుడు అర్థమైంది. చాలా సిగ్గుపడ్డాడు. మరి ఏం చూపించమంటావని అడిగాడు. ఆ కొండమీద అతను ఎవరినైనా ఏదైనా అడగడం అదే మొదలు. నువ్వొచ్చిన రోజుది ఉంటే అది చూపించు, మిగతాది తీసెయ్ అందామె. అతను మిగతావన్నీ తుడిచాడు, తను గొప్పగా చెప్పిన జవాబుతో సహా.

పున్నమినాడు కొలువులో అద్దం నిలబెట్టాడు. అందులో ముసలమ్మ బండకు చెవి ఆనించి కూర్చుంది. ఎంతసేపటికీ ఏమీ జరగలేదు. కొందరు ఆవలించారు. మంత్రి కాగితాలు సర్దుకున్నాడు. అప్పుడు ఆమె తలెత్తి సింహాసనం వైపు చూసింది.

"అడిగినావా?"

రాజును 'నువ్వు' అన్నవాళ్లు ఆ కొలువులో అంతవరకూ లేరు. ఆ మాట తనను అడిగిందని అద్దం మనిషి చెప్పబోయి మానుకున్నాడు.

రాజు మంత్రి వైపు చూశాడు. మంత్రి తన కాగితం వైపు చూశాడు. కాసేపటికి రాజు మెట్లు దిగి అద్దం ముందుకొచ్చి నిలబడ్డాడు.

"లేదమ్మా," అన్నాడు.